ఏడుపు నిషిద్ధమైన వార్డు

నరసరావుపేటలో మా అక్కను చేర్చిన ఆస్పత్రి మెట్ల పక్క గోడ మీద దాన్ని నడిపే డాక్టరుగారి నిలువెత్తు బొమ్మ ఉండేది. చేతులు కట్టుకుని, పళ్లన్నీ కనిపించేలా నవ్వుతూ. కింద నీలం అక్షరాలతో "చిరునవ్వే మా మొదటి మందు" అని రాయించారు. మొదటిరోజు దాన్ని చూసి నేనేమీ అనుకోలేదు. పత్తి విత్తనాలు అమ్మేవాడూ అలాగే నవ్వుతాడు, పురుగుమందులు అమ్మేవాడూ నవ్వుతాడు, ఎన్నికల్లో నిలబడ్డవాడూ నవ్వుతాడు. మా వైపు ఖాళీ గోడ కనిపిస్తే దాని మీద ఎవరో ఒకరు నవ్వక తప్పదు. వారం తిరిగేసరికి మాత్రం ఆ మెట్లు ఎక్కేటప్పుడు మొహం అవతలికి తిప్పుకోవలసి వచ్చింది.

ఈమధ్య ఒక సభలో, వైద్యులూ నర్సులూ రోగుల ముందు తమ ఉద్వేగాలు చూపించవచ్చా అని చర్చ పెట్టి నన్నూ పిలిచారు. మాట్లాడినవాళ్లంతా కన్నీళ్ల గురించే మాట్లాడారు. ఏడిస్తే రోగి ధైర్యం పోతుందని కొందరు, ఏడవకపోతే మనిషితనం ఎక్కడుందని కొందరు. నవ్వు కూడా ఉద్వేగమేనని, దాన్ని రోగి ముందు చూపించవచ్చా అని అడగాలని ఒక్కరికీ తోచలేదు. నా వంతు వచ్చేసరికి భోజనాల గంట కొట్టారు. అక్కడ చెప్పలేకపోయింది ఇక్కడ రాస్తున్నాను.

మా అక్క నాకంటే బాగా పెద్దది. మాచవరం వైపు ఒక ఊళ్లో, మిరపా పత్తీ వేసే ఇంటికి కోడలుగా వెళ్లింది. బావ పోయిన తర్వాత పొలం తనే చూసుకుంది. మొహమాటం తెలియని మనిషి. ఒకసారి వాళ్ల ఊరి బడిలో మూఢనమ్మకాల మీద నేను మాట్లాడుతుంటే ముందు వరసలో కూర్చుని ఆసాంతం విని, ఇంటికొచ్చాక అన్నం వడ్డిస్తూ, "నువ్వు చెప్పేది నిజమేరా, కాని అట్టా తిడతా చెప్తే ఎవురింటారు?" అంది. నన్ను ఇంత సూటిగా విమర్శించిన వాళ్లు ఏ సభలోనూ దొరకలేదు.

ఆ ఇంటికి ఇద్దరు కోడళ్లు. మా అక్క పెద్దది, తోడికోడలు చిన్నది. ఒకే పొయ్యి మీద వండి, ఒకరి బిడ్డకు ఒకరు పాలిచ్చి పెంచిన వాళ్లు. పంచాయతీ ఎన్నికలు వచ్చాయి. అక్క కొడుకు, అంటే నా మేనల్లుడు, ఒక పార్టీలో చేరాడు. తోడికోడలి ఇంటివాళ్లు రెండో పార్టీలో చేరారు. పల్నాడు వాళ్లకు ఆ తర్వాత ఏమయిందో చెప్పక్కర్లేదు. మిగతావాళ్ల కోసం చెబుతున్నాను. ఉమ్మడి వాకిట్లో గోడ లేచింది. పిలుపులు ఆగాయి, మాటలు ఆగాయి. గోడకు ఇటు ఒక ఆడమనిషి, అటు ఒక ఆడమనిషి తెల్లవారి లేచి వాకిలి ఊడుస్తూ ఒకరి చీపురు చప్పుడు ఒకరు వింటూ బతికారు. పలకరించుకుంటే మగవాళ్ల పరువు పోతుంది.

ఈ పంతానికి మా వైపు ఒకే ఒక్క మినహాయింపు ఉంది. పోయే మనిషి అడిగితే కాదనరు. ఎంత పగ ఉన్నా, చావుకు దగ్గరైన మనిషి ఫలానా వాళ్లను చూస్తానంటే పిలిపిస్తారు, ఫలానా గడప ఎక్కుతానంటే మోసుకునైనా తీసుకెళ్తారు. అక్క ఆ మినహాయింపు మీదే ఆశ పెట్టుకుంది. జబ్బు పడటానికి చాలా ముందే, కళ్లంలో మిరపకాయలు ఆరబోస్తూ నాతో అంది: "పోయేముందు దాంతో ఒకసారి కూచోని మాట్టాడాల్రా. అప్పుడు మావోడు కూడా అడ్డం రాలేడు."

అక్క కళ్లు పచ్చబడినప్పుడు ముందు కామెర్లని పసరు పోయించారు. అదొక రోత, దాని గురించి ఇంకోచోట రాశాను. పసరుతో తగ్గక గుంటూరులో స్కానింగు తీయించి, మేనల్లుడికి తెలిసిన డాక్టరని ఈ నరసరావుపేట ఆస్పత్రిలో చేర్చారు. ఫిలింలు చూసిన డాక్టరు "అటెండర్లు మాత్రం లోపలికి రండి" అన్నాడు. అటెండర్లంటే మేమే, మేనల్లుడూ నేనూ. జబ్బుపడ్డ మనిషిని చక్రాల కుర్చీలో తలుపు బయట ఉంచి, జబ్బు లేని మాకు ఏసీ గదిలో జబ్బు సంగతి చెప్పాడు. క్లోమంలో గడ్డ. కాలేయానికి పాకింది. కోసి తీసే దశ దాటిపోయింది. మిగిలింది కొన్ని వారాలు. నొప్పికి మందులివ్వగలం, అంతే.

చెప్పటం బాగానే చెప్పాడు. గొంతు తగ్గించి, మా కళ్లలోకి చూస్తూ చెప్పాడు. ఆ నిమిషంలో ఆయన మీద నాకు గౌరవం కలిగింది కూడా. ఇంతలో మేనల్లుడు, "అమ్మకి మాత్రం చెప్పొద్దు సార్, తట్టుకోలేదు" అన్నాడు. డాక్టరు తేలికపడ్డట్టు కుర్చీలో వెనక్కి వాలి, తాము ఏ పేషెంటుకూ ఇలాంటివి చెప్పబోమనీ, తమ స్టాఫంతా పేషెంట్ల ముందు నవ్వుతూనే ఉంటారనీ, అది తమ ఆస్పత్రి రూలనీ అన్నాడు.

జబ్బేమిటో తెలియని మనిషి, ఈ మందు కావాలనీ వద్దనీ ఎట్లా చెప్పగలదండీ అని అడిగాను. ఆయన నవ్వాడు. గోడ మీది నవ్వే.

"మాస్టారూ, మీరు లాజిక్కు చూస్తారు. మేం పేషెంటు ఎమోషన్సు చూసుకోవాలి."

బయటికి వచ్చాక నేను చెబుతానన్నాను. మేనల్లుడు నా చెయ్యి పట్టుకుని మందుల షాపు పక్కకు లాక్కెళ్లాడు. కళ్లనిండా నీళ్లు. తల్లి మీద వాడికి ప్రేమ లేదని నేను ఎప్పుడూ అనను. కాని ఆ నీళ్లతో పాటే అసలు సంగతీ బయటికి వచ్చింది.

"చెప్తే ఏమవుద్దో నీకు తెలుసుగా మావయ్యా. ముందు ఆ గడపెక్కుద్ది. రేపు ఊళ్లో నా మొహం యాడ పెట్టుకోను?"

"మీ అమ్మ మొహం సంగతేందిరా?"

"ఆమెకి తెలవకుండానే పోతే ఆమెకీ సుఖమే."

నొప్పి ఎంత ఉంటుందో, ఎన్నాళ్లు తెలివి నిలుస్తుందో అక్క అడిగితే సమాధానం చెప్పగలిగింది డాక్టరు ఒక్కడే. అందుకని నాలుగైదు రోజులు వరసగా ఆయన గదిలోకి వెళ్లి, చెప్పవలసింది మీరేనని పట్టుబట్టాను. లైసెన్సూ ఫీజూ దేనికి తీసుకుంటున్నారో గుర్తుచేశాను. చివరికి సరేనన్నాడు. పొద్దున రౌండుకు వచ్చినప్పుడు నెమ్మదిగా తనే చెబుతానన్నాడు.

ఆ వార్డు ఎలా ఉండేదో చెప్పాలి. ఊళ్లనుంచి చూడవచ్చిన వాళ్లు ఆటోలు దిగి, బత్తాయిలూ బ్రెడ్డూ పట్టుకుని, తలుపు దాకా ముక్కులు చీదుకుంటూ వచ్చేవాళ్లు. తలుపు దగ్గర ఆగి, కొంగుతో మొహం తుడుచుకుని, నవ్వు తగిలించుకుని లోపలికి అడుగుపెట్టేవాళ్లు. బయటికి రాగానే మళ్లీ ముక్కు చీదటం. నర్సులది ఇంకా అన్యాయం. వాళ్ల పై ఉద్యోగిని ఒకామె తలుపు దగ్గర నిలబడి, మొహం వాడిన పిల్ల కనిపిస్తే తన చెంపల మీద రెండు వేళ్లు పెట్టి పైకి లాగి చూపించేది. నవ్వమని సైగ. రక్తం కక్కుతున్న మనిషికి గిన్నె పట్టుకున్న పిల్లకు కూడా అదే సైగ చేయటం నేను కళ్లారా చూశాను.

డాక్టరు రౌండుకు వస్తే ప్రతి మంచం దగ్గరా ఒకటే మాట. "ఏం పెద్దమ్మా, పొలం పోదామా?" "ఏం తాతా, పొలం పోదామా?" అక్క పక్క మంచం మీది ఆయన నరసరావుపేటలోనే పుట్టి పెరిగిన దర్జీ. జన్మలో పొలం గట్టు ఎక్కలేదు. ఆయన్నీ అడిగాడు. ఆ దర్జీ నా వైపు తిరిగి, "నన్ను రోజూ పొలం తీసకపోతానంటాడండీ, ఎక్కడుందో చెప్పడు" అన్నాడు. అక్క పొట్ట పట్టుకుని నవ్వింది. ఆ ఆస్పత్రిలో నేను చూసిన నిజమైన నవ్వు అదొక్కటే.

చెబుతానన్న పొద్దున డాక్టరు రానేలేదు. మధ్యాహ్నం వచ్చాడు, ఒంటరిగా కాదు. మేనల్లుడి పార్టీ నాయకుడు పరామర్శకు వచ్చాడు, వెంట పదిమంది, పది ఫోన్లు. ఆ ఫోన్లన్నీ లేవగానే డాక్టరు అక్క నుదుటి మీద చెయ్యి వేశాడు. గొంతు వణికింది. కళ్లు తడిశాయి. మా అమ్మను ఎట్లా చూసుకున్నానో ఈ తల్లిని అట్లా చూసుకుంటాను అన్నాడు. ఏడుపు పనికిరాదన్న రూలు పెట్టినవాడే. నాయకుడు ఆయన భుజం తట్టాడు. వాళ్లు మెట్లు దిగేసరికి ఆ తడి ఆరిపోయింది. పక్క మంచం దర్జీ దగ్గుతూ ఏదో అడగబోతే వినకుండానే వెళ్లిపోయాడు.

అక్క నావైపు చూసింది. "ఆయన ఎందుకురా అంత పని చేశాడు? నాకేవన్నా అయిందా?"

ఆయన్నే అడగమన్నాను. మర్నాడు పొద్దున అడిగింది. నేను మంచం పక్కనే నిలబడి ఆయన కళ్లలోకి చూస్తున్నాను. ఆయన నావైపు చూడలేదు. "కామెర్లు పెద్దమ్మా, కామెర్లు. తగ్గినాక పొలం పోదాం" అని పక్క మంచానికి నడిచాడు.

ఆ మధ్యాహ్నం సెలైను మార్చటానికి ఒక నర్సు వచ్చింది. గురజాల వైపు పిల్ల, చదువు అయి ఎక్కువ కాలం కాలేదు. అక్క చేతికి సూది కదలకుండా ప్లాస్టరు వేస్తోంది. అక్క ఆ పిల్ల మొహంలోకే చూస్తూ అడిగింది.

"అమ్మాయ్, ఇయ్యి కామెర్లేనా?"

ఆ పిల్ల నేర్పినట్టే నవ్వింది. "తగ్గిపోతాయి పెద్దమ్మా."

"నవ్వుతా చెప్పమాకు. నవ్వకుండా ఆ మాటే చెప్పు, నమ్ముతా."

నర్సు ప్రయత్నించింది. నవ్వు తీసేసింది. తీసేశాక ఆ మాట నోటికి రాలేదు. కింది పెదవి పళ్ల మధ్య బిగించింది. కంట్లోంచి ఒక్క చుక్క అక్క ముంజేతి మీద, ప్లాస్టరు పక్కన పడింది. వెంటనే దూదితో తుడిచింది. "నేను చెప్పకూడదు పెద్దమ్మా" అంది. తర్వాత ప్లాస్టరు అంచులు బొటనవేలితో అదిమి, సీసా తిరగేసి తగిలించి, చుక్క సరిగా పడుతోందో లేదో చూసుకుని మరీ వెళ్లింది. ఆ చేతులు ఒక్కసారి కూడా తొట్రుపడలేదు.

ఈ ఒక్క సంగతీ చాలు ఆ సభలో వాదించిన వాళ్లకు జవాబు చెప్పటానికి. ఏడిస్తే పని చెడుతుందని భయపెడతారు. పని చేసేది చెయ్యి. చెయ్యి వణికితే తప్పు, సూది తప్పితే తప్పు, మందు మారితే నేరం. కన్ను తడిస్తే ఏం చెడింది? ఇంకొకటి. మన కాన్పు గదుల్లో నొప్పులు పడుతున్న ఆడవాళ్లను నోటికొచ్చినట్టు తిడతారు, తొడ మీద చరుస్తారు. అది ఉద్వేగం కాదా? కోపం రోగి ముందు చూపించవచ్చునా అని ఎవరైనా సభ పెట్టారా? కసురుకోవచ్చు, విసుక్కోవచ్చు, నవ్వి అబద్ధమాడవచ్చు. ఒక పిల్ల నిజం దాచలేక కన్ను తడి చేసుకుంటే మాత్రం వృత్తికి కళంకం! ప్రతి నర్సూ ఏడవాలని నేను అనటం లేదు. రాయిలాంటి మొహంతో నిజం చెప్పే డాక్టరుకు నేను చేతులెత్తి దణ్ణం పెడతాను. నవ్వుతూ అబద్ధం చెప్పేవాడి నీడ కూడా నాకు వద్దు.

నర్సు వెళ్లాక అక్క ముంజేతి మీద ఆ చుక్క పడిన చోటును వేలితో తాకి చూసుకుంది. తర్వాత "నువ్వు చెప్పరా" అంది. చెప్పాను. ఎక్కడ గడ్డ ఉందో, ఎక్కడికి పాకిందో, డాక్టరు ఏమన్నాడో, ఎవరు దాచమన్నారో అన్నీ చెప్పాను. అక్క ఏడవలేదు.

"మరి ఆ నవ్వులేందిరా వీళ్లవి, పెళ్లింట్లో మాదిరి?" అంది. ఆ వెంటనే, "ఇంటికి పోదాం పా. దాంతో మాట్టాడాల" అంది.

ఇక్కడితో పని సులువుగా అయిపోయేదే. కాని నర్సు కన్నీటి చుక్కను ఇంకో మనిషి కూడా చూసింది, మేనల్లుడి అత్తగారు. మంచం కాళ్ల దగ్గర స్టూలు మీద బత్తాయి వలుస్తూ కూర్చుని ఉందావిడ. నేను అక్కతో మాట్లాడుతుండగానే లేచి వరండాలోకి పోయి ఫోన్లు చేసింది. బతికున్న మనిషి మీద పరాయిదాని కన్నీళ్లు పడ్డాయట. శవం మీద పడాల్సిన నీళ్లు ప్రాణం మీద పడ్డాయట. గంట తిరగకుండా మేనల్లుడూ వాడి మనుషులూ వార్డు నిండారు. మా అమ్మకు ఏమన్నా అయితే ఈ ఆస్పత్రి ఉండదని ఒకడు మెట్ల మీద అరుస్తున్నాడు. అమ్మకు ఏమవుతుందో వారం కిందట ఆ ఆస్పత్రిలోనే చెప్పారు! అయినా ఇప్పుడు తప్పంతా ఒక కన్నీటి చుక్కది.

డాక్టరు దిగివచ్చాడు. ఎండీ చదివినవాడు. కన్నీటికీ క్లోమంలో గడ్డకూ సంబంధం లేదని ఆ ఒక్క వాక్యం చెబితే ఆయన చదువుకు అర్థం ఉండేది. ఆయన చేతులు జోడించాడు. నర్సును పిలిపించి మంచం కాళ్ల దగ్గర నిలబెట్టాడు.

"సారీ చెప్పమ్మా పెద్దమ్మకి. నవ్వుతూ చెప్పు."

ఆ పిల్ల నవ్వింది. నా జీవితంలో చాలా అసహ్యాలు చూశాను. చేతబడి చేశాడని జనం పళ్లు రాలగొట్టిన మనిషిని చూశాను, పూనకం వచ్చిందని పసిబిడ్డకు వాతలు పెట్టిన చేతులు చూశాను. ఏడ్చి ఉబ్బిన కళ్లతో, అంతమంది మగవాళ్ల మధ్య, హుకుం మీద నవ్విన ఆ మొహం వాటన్నిటి పక్కనా ఉండదగిందే.

అంతటితో ఆగలేదు. దిష్టి తీయాలన్నారు. డాక్టరు "నమ్మకం కదండీ, కాదనలేం. ఆక్సిజన్ ఉంది, వార్డులో మాత్రం వెలిగించొద్దు" అన్నాడు. ఆ అత్తగారు ఉప్పూ ఎండుమిరపకాయలూ గుప్పిట పట్టి అక్క చుట్టూ తిప్పింది. కాల్చుకోవటానికి జనరేటరు పక్కన చోటు చూపించారు. కిటికీలోంచి ఆ ఘాటు వార్డులోకి కొట్టింది. దర్జీ ఊపిరాడక లేచి కూర్చున్నాడు. దగ్గని మంచం లేదు.

ఇక నేను ఊరుకోలేదు. మీ లెక్క ప్రకారం దిష్టి ఉంటే మిరపకాయల ఘాటు రాకూడదు కదా, ఇంత ఘాటు వచ్చిందంటే దిష్టి లేనట్టే కదా, మరి ఆ పిల్లను ఎందుకు నిలబెట్టారు అని అడిగాను. డాక్టరు వైపు తిరిగి, "మీ గోడ మీద పళ్లికిలించే బొమ్మ తీయించండి, లేకపోతే దాని పక్కన నిమ్మకాయలు కూడా వేలాడదీయండి" అన్నాను. మేనల్లుడు నా చొక్కా పట్టుకున్నాడు. అది ఎక్కడిదాకా పోయేదో, అక్క లేచి కూర్చోకపోతే. సెలైను గొట్టం ఊగుతుండగా, మంచం కమ్మీ పట్టుకుని కూర్చుంది.

"ఒరేయ్, ఆ పిల్లని పోనీయండి. మీరంతా కలిసి దాచింది, అదొక్కతే దాచలేకపోయింది." తర్వాత కొడుకు వైపు చూసింది. "నేను పోతన్నానంటగా. ఇప్పుడు నేను ఆ గడపెక్కుతానంటే ఆపుతావా? మీ వాళ్లందరి ముందరే అడగతన్నా. ఆపు చూద్దాం."

వాడు తల దించుకున్నాడు. వాడి వెంట వచ్చిన మనుషులు కూడా. పోయే మనిషి అడిగింది మరి. ఇంతకాలం దాచింది ఈ ఒక్క మాట అక్క నోట రాకుండా ఉండటానికే.

సాయంత్రానికి అంబులెన్సులో ఊరు చేరాం. తోడికోడలికి నేనే ఫోను చేశాను. అక్కను మంచం మీదికి దించేలోపే ఆమె గోడ చుట్టూ తిరిగి గేటులోంచి వచ్చి నిలబడింది. చాలా ఏళ్ల తర్వాత ఆ వాకిట్లో ఆమె అడుగు. అక్కను చూసి గతుక్కుమంది.

"ఏందక్కా ఇంత పచ్చగా అయినావు?"

"నువ్వొస్తావని పసుపు రాసుకున్నాలేవే. కూచో."

తలుపు వేసుకున్నారు. ఆ రాత్రీ, మర్నాడూ, ఆ మర్నాడు మధ్యాహ్నం దాకా మాట్లాడుకున్నారు. ఏం మాట్లాడుకున్నారో నాకు తెలియదు, అడగలేదు కూడా. అప్పుడప్పుడు నవ్వులు వినిపించేవి. ఒకసారి ఇద్దరూ గట్టిగా పోట్లాడుకోవటం కూడా వినిపించింది. అది విని నాకు సంతోషం కలిగింది. ఆ మధ్యాహ్నం అక్క మాట తడబడింది. ఆ కామెర్లు మెదడుకు ఎక్కాయి. తోడికోడల్ని "అమ్మా" అని పిలవటం మొదలుపెట్టింది. సగం చెప్పిన మాటలు సగంలోనే ఆగిపోయాయి. వారం గడవకుండా పోయింది.

పెద్దకర్మ రోజున వాకిట్లో షామియానా వేశారు. అక్క ఫోటో పక్కన నాయకుడి ఫోటోతో ఫ్లెక్సీ కట్టారు. అక్క ఫోటో చిన్నది. డాక్టరు కారులో వచ్చాడు. దండ వేశాడు. మైకు ఇచ్చారు. మా అమ్మ పోయినప్పుడు కూడా ఇంత బాధపడలేదన్నాడు. మాట పూర్తికాకుండానే కళ్లజోడు తీసి, రుమాలుతో కళ్లు అద్దుకుంటూ వెక్కాడు. ఫోన్లు లేచాయి. దిగివస్తుంటే ఆయనకు అడ్డం వెళ్లి, ఆ నర్సు ఎలా ఉందని అడిగాను. ఆ అమ్మాయికి ప్రొఫెషనలిజం లేదండీ, పంపించేశాం అన్నాడు. అప్పటికి రుమాలు ఇంకా చేతిలోనే ఉంది.

నేను షామియానా చివరికి వచ్చి కూర్చున్నాను. తోడికోడలు అక్కడే, కూలిన గోడ ఇటుకల మీద కూర్చుని ఉంది. అక్కను తీసుకెళ్లటానికి ఇరుకు వాకిట్లో పాడె పట్టలేదని ఆ గోడను కొంతమేర పడగొట్టారు.

"అన్నయ్యా, ఎవరాయన? మనోళ్లా?" అంది.

అక్కకు వైద్యం చేసిన డాక్టరని చెప్పాను. ఆమె ఆయన వైపు చూసింది. ఆయన నాయకుడి పక్కన కూర్చుని ఇప్పుడు నవ్వుతున్నాడు.

"ఆ ఏడిచేదేదో ఆస్పత్రిలో చేర్చిన రోజే అక్క ముందర ఏడిస్తే పోయేదిగా" అంది. "నాకింకో వారం దొరికేది."